కట్ లేకుండా ఏళ్లు దాటించడం: 4వ పాఠం

పోయిన పాఠంలో ఇద్దరి సంభాషణను ఒకే షాట్‌లో తీశాం. ఈసారి ఆ షాట్‌లోనే కాలాన్ని కూడా మార్చాలి. ఇది నేర్చుకోవడానికి గ్రీకు దర్శకుడు థియో ఆంగెలోపులోస్‌ను మించిన గురువు లేరని నా నమ్మకం.

ఆయన 1935లో ఏథెన్స్‌లో పుట్టారు. లా చదువు వదిలేసి పారిస్ వెళ్లి సినిమా స్కూల్లో చేరితే, వాళ్లు బయటికి పంపేశారు. తిరిగొచ్చి ఒక వామపక్ష పత్రికలో సమీక్షలు రాశారు. 1967లో సైన్యం గద్దెనెక్కాక ఆ పత్రిక మూతపడింది. తర్వాత దర్శకుడయ్యారు. స్క్రిప్టు రాయడంలో ఎప్పుడూ తన చెయ్యి ఉండేది, పోనుపోను నిర్మాణమూ నెత్తిన వేసుకున్నారు.

'ట్రావెలింగ్ ప్లేయర్స్' (1975) చూడండి. దాదాపు నాలుగు గంటల సినిమాలో షాట్లు ఎనభై దరిదాపుల్లోనే. అందులో 1946 కొత్త సంవత్సరం రాత్రి డాన్స్ హాల్లోంచి రాచరికం వైపు మనుషులు కొందరు బయటికొస్తారు. పాడుకుంటూ వీధి వెంట నడుస్తారు. కెమెరా వాళ్లను వదలదు. నడక ముగిసేసరికి అది 1952, మాజీ సైన్యాధిపతి పపాగోస్ ఎన్నికల సభ! మధ్యలో గ్రీసు అంతర్యుద్ధం జరిగిపోయింది. కట్ చేసి 'ఆరేళ్ల తర్వాత' అని అక్షరాలు వేస్తే మనకు తేదీ తెలుస్తుంది, అంతే. కట్ లేదు కాబట్టి, ఆ రాత్రి చిందులేసినవాళ్లే ఇప్పుడు గెలిచే పక్షాన ఉన్నారని కళ్లారా చూస్తాం. కోపం వస్తుంది. ఆ కోపం కోసమే ఆ షాట్.

'యులిసీస్ గేజ్' (1995)లో దీనికి తిరగేసిన పద్ధతి. ఒక ఇంటి హాలు, కుటుంబమంతా డాన్స్ చేస్తుంటుంది. 1945 నుంచి 1950 దాకా ఆ హాల్లోనే గడిచిపోతాయి. మనుషుల్ని పట్టుకుపోతారు, చివరికి పియానో కూడా మోసుకుపోతారు.

ఇక మీ పని. పొడవాటి గోడ ఉన్న వీధి ఎంచుకోండి. ఒక మనిషిని గోడ వెంట నడిపించండి. బట్టలు మార్చకండి, జుట్టుకు తెల్లరంగు పూయకండి. మారాల్సింది చుట్టుపక్కల ప్రపంచం. మొదట్లో గోడ మీద ఒక పార్టీ రాతలు, నడక చివర్లో వేరే పార్టీవి. మధ్యలో కొంత ఖాళీ గోడ తప్పకుండా ఉండాలి, చూసేవాళ్లకు కాలం జరగడానికి అక్కడే చోటు దొరుకుతుంది. మనిషి నడక వేగం మాత్రం మారకూడదు.

కెమెరా పట్టుకునే ముందు ఒక పేజీ రాయండి: ఏ అడుగు దగ్గర ఏ ఏడు, ఫ్రేమ్‌లోకి ఏం రావాలి, ఏం పోవాలి. ఫోన్ లేకుండా ఆ దారిలో మీరే నడిచి చూడండి. ఎక్కడైనా విసుగనిపిస్తే షాట్ పొడవు తగ్గించకండి, అక్కడ ఫ్రేమ్‌లో ఏం జరుగుతోందో మళ్లీ రాసుకోండి.

వెలుతురు సంగతి. ఆంగెలోపులోస్ చలికాలపు మబ్బు వాతావరణం కోరి తీసేవారు. మీరూ ఎండెక్కకముందే తీయండి. సగం గోడ ఎండలో, సగం నీడలో పడితే ఇంత పొడవు షాట్‌లో దిద్దుకోవడం కష్టం. సౌండ్ గురించి ఇప్పుడే టెన్షన్ పడొద్దు, 5వ పాఠంలో ఇదే షాట్‌కు వేద్దాం.