ఇంట్లోనే ఫిజిక్స్, 3వ పాఠం: ఏ చౌరస్తా?

పోయిన పాఠం చివర ఇచ్చిన లెక్కకు ముందుగా జవాబు చూసుకుందాం. తూర్పుకు 6, ఉత్తరానికి 8 ఉన్న సదిశ (పొడవు, దిక్కు రెండూ ఉన్న రాశి) పరిమాణం, అంటే పొడవు, 36కు 64 కలిపి వర్గమూలం తీస్తే 10. మీకు 14 వచ్చిందంటే రెండు అంకెలనూ ఊరికే కూడేశారన్నమాట. రెండో పాఠం మరోసారి తిరగేసి రండి, తొందరేం లేదు. గ్రాఫ్ కాగితం, స్కేలు, పెన్సిల్ దగ్గర పెట్టుకోండి. ఈ పాఠం చదివితే రాదు, గీస్తేనే వస్తుంది.

డిగ్రీ చదివే రోజుల్లో ఒక సాయంత్రం మా దోస్తుకు ఫోన్ చేసి "ఏడున్నవ్‌రా?" అని అడిగాను. "చౌరస్తా నుంచి బస్టాండు దిక్కు వంద అడుగులు రా, టీ కొట్టు కాడ ఉన్న" అన్నాడు. నేను వరంగల్ చౌరస్తా నుంచి వంద అడుగులు నడిచి ముప్పావు గంట నిలబడ్డాను. వాడేమో హన్మకొండ చౌరస్తా దగ్గర నిలబడి నన్ను తిట్టుకుంటున్నాడు. దూరం చెప్పాడు, దిక్కు చెప్పాడు. ఎక్కడి నుంచి కొలవాలో మాత్రం ఇద్దరం చెరొకటి అనుకున్నాం.

ఆ "ఎక్కడి నుంచి" అనేదాన్నే ఫిజిక్స్‌లో మూలబిందువు అంటారు. మూలబిందువు నుంచి వస్తువు ఉన్న చోటికి గీసిన బాణమే స్థాన సదిశ. బాణం పొడవు దూరాన్ని, బాణం మొన దిక్కును చెబుతాయి. మూలబిందువు ఏదో ముందు చెప్పకపోతే ఆ బాణానికి అర్థమే లేదు. పరీక్షలో చాలామంది బాణం గీసి, సున్నా ఎక్కడ పెట్టారో రాయరు. మార్కు అక్కడే పోతుంది.

మనకు మంచి మూలబిందువు ఖిలా వరంగల్‌లో ఉంది. కోట నడుమ స్వయంభూ శివాలయం శిథిలాలు, వాటికి నాలుగు దిక్కులా నాలుగు రాతి తోరణాలు. తెలంగాణ రాష్ట్ర చిహ్నంలో కనిపించేది ఈ తోరణమే. తూర్పు తోరణం నుంచి పడమటి తోరణానికి ఒక గీత, ఉత్తరం నుంచి దక్షిణానికి ఇంకో గీత ఊహించుకోండి. ఆ రెండూ కలిసే చోట సున్నా పెట్టండి. కాకతీయులు మనకోసమే గ్రాఫ్ కాగితం గీసిపెట్టి పోయారా అనిపిస్తుంది నాకు. తూర్పును ఎక్స్ అక్షం, ఉత్తరాన్ని వై అక్షం అందాం. పడమర, దక్షిణం వైపు అంకెలకు మైనస్ గుర్తు. ఏకశిల గుట్ట ఎక్కితే ఎత్తు కోసం మూడో అంకె కూడా కావాలి, కానీ ఈ రోజుకు నేల మీదే ఉందాం.

ఇక్కడి నుంచి తోరణాల మధ్య కొలతలన్నీ లెక్క కోసం నేను వేసుకున్నవే. ఒక పిల్లాడు సున్నాకు తూర్పుగా 10 మీటర్లు, ఉత్తరంగా 20 మీటర్లు ఉన్నచోట నిలబడ్డాడు. అతని స్థానం (10, 20). పుస్తకంలో దీన్నే 10 ఐ క్యాప్ ప్లస్ 20 జె క్యాప్ అని రాస్తారు. టెన్షన్ పడకండి. ఐ క్యాప్ అంటే తూర్పుకు ఒక మీటరు, జె క్యాప్ అంటే ఉత్తరానికి ఒక మీటరు, అంతే. కొంతసేపటికి ఆ పిల్లాడు (50, 50) దగ్గరికి చేరాడు. ఎంత జరిగాడు?

చివరి స్థానంలోంచి మొదటి స్థానాన్ని తీసేయాలి. తూర్పు అంకె 50 − 10 = 40. ఉత్తరం అంకె 50 − 20 = 30. మొదటి చోటి నుంచి చివరి చోటికి నేరుగా గీసిన ఈ బాణాన్నే స్థానభ్రంశం అంటారు. ఇక్కడ అది (40, 30). దాని పరిమాణం 1600కు 900 కలిపి వర్గమూలం తీస్తే 50 మీటర్లు. దిశ కోసం 30ని 40తో భాగిస్తే 0.75. టాన్ విలువ 0.75 అయ్యే కోణం దాదాపు 37 డిగ్రీలు. అంటే తూర్పు నుంచి ఉత్తరం వైపు 37 డిగ్రీలు తిరిగిన దిశలో 50 మీటర్లు. తీసివేత తలకిందులుగా చేస్తే (−40, −30) వస్తుంది. పొడవు అదే 50, కానీ పిల్లాడు వెనక్కి నడిచినట్టు. "పోయిన చోటు మైనస్ బయలుదేరిన చోటు" అని గుర్తుపెట్టుకోండి.

ఇప్పుడు అసలు సంగతి. ఆ పిల్లాడి చెల్లె పడమటి తోరణం కింద కూర్చుని, తానున్న చోటే సున్నా అనుకుంది. ఆ తోరణం మన సున్నాకు 65 మీటర్లు పడమరగా ఉందనుకుందాం. ఆమె లెక్కలో అన్న మొదటి స్థానం (75, 20), చివరి స్థానం (115, 50). మన అంకెలకు, ఆమె అంకెలకు పొంతన లేదు. ఇప్పుడు తీసివేత చేయండి: 115 − 75 = 40, 50 − 20 = 30. మళ్లీ (40, 30)! రెండు స్థానాలకూ అదే 65 కలిసింది, తీసివేతలో అదే 65 ఎగిరిపోయింది. స్థాన సదిశ సున్నా ఎక్కడ పెట్టామో దాన్ని బట్టి మారుతుంది, స్థానభ్రంశం మారదు. సున్నా చోటు గురించి గొడవ పడ్డ ఇద్దరూ కదలిక గురించి మాత్రం ఒకే మాట చెబుతారు. కదలిక లెక్కలన్నీ స్థానభ్రంశం మీద నిలబడటానికి కారణం ఇదే. అందుకే ఈ పేరా తొందరపడి దాటేయకండి. సున్నాను ఉత్తర తోరణం కింద పెట్టి ఒకసారి మీరే చేసి చూడండి.

ఇక్కడే ఒక తప్పు చాలామంది చేస్తారు, నేనూ చేశాను. సున్నా నుంచి మొదటి చోటు 22.4 మీటర్లు, చివరి చోటు 70.7 మీటర్లు. ఈ రెండిటి తేడా తీసి అదే స్థానభ్రంశం అంటారు. వచ్చేది దాదాపు 48. అసలు జవాబు 50కి దగ్గరగా ఉండటంతో ఎక్కడో కూడికలో పొరపాటు అనుకుంటారు. పొరపాటు కూడికలో లేదు, సదిశలను మామూలు అంకెల్లా తీసేయడంలో ఉంది.

ఇది పూర్తిగా బయటపడాలంటే బతుకమ్మ ఆట చూడాలి. నడుమ బతుకమ్మ, చుట్టూ 3 మీటర్ల దూరంలో ఆడవాళ్లు. సున్నా బతుకమ్మ దగ్గరే పెట్టండి. తూర్పున ఉన్న అక్క (3, 0) నుంచి పావు చుట్టు తిరిగి ఉత్తరాన (0, 3)కి వచ్చిందనుకుందాం. సున్నా నుంచి ఆమె దూరం అప్పుడూ 3, ఇప్పుడూ 3, తేడా సున్నా. అంతమాత్రాన ఆమె కదల్లేదంటే ఎవరైనా నవ్వుతారు. స్థానభ్రంశం (−3, 3), పరిమాణం 4.24 మీటర్లు, దిశ వాయవ్యం. ఆమె పాదాలు నడిచింది మాత్రం వృత్తంలో పావు వంతు, 4.71 మీటర్లు. పూర్తి చుట్టు తిరిగితే నడక 18.85 మీటర్లు, స్థానభ్రంశం సున్నా. రాత్రికి వచ్చే కాళ్ల నొప్పి దూరాన్ని బట్టే వస్తుంది, స్థానభ్రంశాన్ని బట్టి కాదు.

దూరానికి దారి కావాలి, స్థానభ్రంశానికి రెండు చివరలు చాలు. కాజీపేట స్టేషన్ నుంచి వరంగల్ స్టేషన్‌కు రైలులో దాదాపు 10 కిలోమీటర్లు. హన్మకొండ మీదుగా ఆటోలో వస్తే దూరం పెరుగుతుంది, స్థానభ్రంశం అదే. స్థానభ్రంశం పరిమాణం నడిచిన దూరానికి మించదు. దిశ మార్చకుండా నేరుగా వెళ్తేనే రెండూ సమానం.

ఇంటి లెక్క. ఖిలా వరంగల్ రాతి గోడను దాదాపు 1.2 కిలోమీటర్ల వ్యాసమున్న వృత్తం అనుకోండి. తూర్పు ద్వారం నుంచి గోడ వెంబడి ఉత్తరం మీదుగా పడమటి ద్వారానికి నడిస్తే దూరమెంత, స్థానభ్రంశమెంత, ఏ దిక్కు? ఉత్తర ద్వారం దగ్గరే ఆగిపోతే? సున్నా ఎక్కడ పెట్టారో కాగితం మీద మొదటి లైన్లోనే రాయండి. జవాబులు నాలుగో పాఠం మొదట్లో చూద్దాం. అక్కడ ఈ స్థానభ్రంశాన్ని కాలంతో భాగించి వేగం దగ్గరికి వెళ్తాం.