‘చరిత్రలో ఈ రోజు’ బోర్డు తప్పుల్లేకుండా రాయడం ఎలా? జులై 4తో ఒక నమూనా

బడి నోటీసు బోర్డుకైనా, గ్రంథాలయం గోడకైనా ‘చరిత్రలో ఈ రోజు’ రాయమంటే చాలామంది ఫోన్లో తేదీ కొట్టి, పైన కనిపించిన పది విషయాలు ఎక్కించేస్తారు. తేదీ సరిగ్గానే ఉంటుంది, తప్పు క్రియలో దొర్లుతుంది. పుట్టారా, పోయారా, మొదలైందా, ప్రకటించారా, అమల్లోకి వచ్చిందా అన్నది తేలకపోతే ఆ తేదీకి అర్థమే లేదు.

జులై 4నే తీసుకోండి. ‘1776: అమెరికా స్వాతంత్ర్య ప్రకటనపై నేతలు సంతకాలు చేశారు’ అని చాలా బోర్డుల మీద కనిపిస్తుంది. నిజానికి అమెరికా వలసల ప్రతినిధుల సభ అయిన కాంటినెంటల్ కాంగ్రెస్ స్వాతంత్ర్య తీర్మానానికి ఓటేసింది జులై 2న. ప్రకటన పాఠాన్ని ఆమోదించింది 4న. ఎక్కువమంది సంతకాలు పెట్టింది ఆగస్టు 2న. కాబట్టి 4వ తేదీ కింద ‘ఆమోదించారు’ అనే రాయాలి. 1943 జులై 4 కూడా ఇలాంటిదే. ఆ రోజు సింగపూర్‌లో రాస్‌బిహారీ బోస్ చేతుల మీదుగా సుభాష్ చంద్రబోస్ భారత స్వాతంత్ర్య సంఘం నాయకత్వం తీసుకున్నారు. ‘ఆజాద్ హింద్ ఫౌజ్ స్థాపించారు’ అని రాస్తే తప్పు, ఆ సైన్యం మొదట ఏర్పడింది 1942లోనే.

ముందు రిజిస్టరు

400 పేజీల లాంగ్ నోట్‌బుక్ ఒకటి తీసుకుని రోజుకో పేజీ చొప్పున 366 పేజీలకు తేదీలు వేయండి. ఫిబ్రవరి 29ని మరిచిపోవద్దు, మొరార్జీ దేశాయ్ (1896), రుక్మిణీదేవి అరండేల్ (1904) పుట్టింది ఆ రోజే. ప్రతి పేజీలో ఆరు గడులు గీయాలి: సంవత్సరం, ఎవరు లేదా ఏది, ఏం జరిగింది, ఎక్కడ, ఎందులోంచి తీసుకున్నాం, రెండోచోట సరిచూశామా. చివరి గడి ఖాళీగా ఉన్న విషయం బోర్డెక్కకూడదు.

కంప్యూటర్‌లో పెట్టుకునేవాళ్లు రోజు, నెల, సంవత్సరం మూడూ వేర్వేరు కాలమ్స్‌లో పెట్టాలి. ఒకే గడిలో 4/7 అని కొడితే, సెట్టింగ్ అమెరికా పద్ధతిలో ఉంటే, ఎక్సెల్ దాన్ని ఏప్రిల్ 7గా తీసుకుంటుంది. పైగా 1900కి ముందు తేదీలను అది తేదీలుగా గుర్తించదు. సార్ట్ చేసినప్పుడు 1776 ప్రకటన, 1897 అల్లూరి పుట్టుక ఒకచోటికి, మిగతావి ఇంకోచోటికి పోవడానికి కారణం ఇదే.

సరిచూడటం

రెండు చోట్ల ఒకేలా ఉంటే చాలనుకోవద్దు. ఒకదాన్ని చూసి ఇంకొకటి రాసి ఉంటే ఆ రెండూ ఒక్కటే. వాక్యం పొల్లుపోకుండా కలిసినా, అక్షరదోషంతో సహా కలిసినా కాపీ అన్నమాటే. ఘటన జరిగిన కాలపు కాగితం దొరికితే అన్నిటికంటే మేలు. ప్రెస్ అకాడమీ డిజిటైజ్ చేసిన పాత పత్రికలు ఇక్కడ బాగా పనికొస్తాయి. అయితే పత్రిక మీద ఉన్న తేదీ వేరు, ఘటన తేదీ వేరు. 5వ తేదీ పత్రికలో ‘నిన్న’ అని ఉంటే అది 4. రాత్రిపూట పోయినవాళ్ల విషయంలో మరీ జాగ్రత్తగా ఉండాలి. పొట్టి శ్రీరాములు కన్నుమూసింది 1952 డిసెంబరు 15 రాత్రి. మర్నాటి తేదీ వేసేయడం చాలా తేలిక.

అల్లూరి సీతారామరాజు పుట్టింది 1897 అని కొన్నిచోట్ల, 1898 అని కొన్నిచోట్ల ఉంటుంది. రోజు మాత్రం జులై 4. ప్రభుత్వం 125వ జయంతి ఉత్సవాలను భీమవరంలో 2022 జులై 4న మొదలుపెట్టింది, అంటే 1897 లెక్క. బోర్డు మీద ఒకటే సంవత్సరం వేయండి, రెండోది రిజిస్టరులో రాసి ఉంచండి. అక్కడే ఇంకో లెక్క కూడా చూసుకోవాలి. పుట్టిన రోజు జయంతి కాదు, ఏడాది తిరిగాక వచ్చేది మొదటి జయంతి. కాబట్టి ఈ ఏటి నుంచి పుట్టిన ఏడాది తీసేస్తే చాలు, ఒకటి కలపక్కర్లేదు.

ఏ కేలండరు? ఎక్కడి గడియారం?

ఒకే రోజున కలిసిన ఘటనలంటే అందరికీ ఆసక్తే. కానీ కలిసినట్టు కనిపించేవన్నీ నిజంగా కలిసినవి కావు. షేక్‌స్పియర్, స్పెయిన్ రచయిత సెర్వాంటెస్ ఇద్దరూ 1616 ఏప్రిల్ 23న పోయారని చెబుతుంటారు. అప్పటికి స్పెయిన్ ఇప్పుడు మనం వాడే గ్రెగోరియన్ కేలండరుకు మారింది, ఇంగ్లండు పాత జూలియన్‌లోనే ఉంది. మధ్యలో పది రోజుల తేడా. పైగా సెర్వాంటెస్ 22న పోయారు, 23 అంత్యక్రియల తేదీ. దీని పక్కన 1826 జులై 4 పెట్టి చూడండి. స్వాతంత్ర్య ప్రకటన ముసాయిదా కమిటీలో ఉన్న జాన్ ఆడమ్స్, థామస్ జెఫర్సన్ ఇద్దరూ సరిగ్గా యాభై ఏళ్ల తర్వాత ఒకే రోజున, ఒకే దేశంలో, ఒకే కేలండరులో కన్నుమూశారు. ఇలాంటిది దొరికితే విడిచిపెట్టకండి.

ఇంగ్లండు 1752లో, రష్యా 1918లో కొత్త కేలండరుకు మారాయి. అందుకే రష్యా ‘అక్టోబరు విప్లవం’ మన లెక్కలో 1917 నవంబరు 7. తళ్లికోట యుద్ధానికి చెప్పే 1565 జనవరి 23 జూలియన్ తేదీ. గ్రెగోరియన్ కేలండరు మొదలైన 1582కు ముందు తేదీలను మార్చకుండా అలాగే ఉంచడం ఆనవాయితీ. బోర్డు మొత్తం ఒకే పద్ధతి పాటించాలి.

మన దగ్గర తిథుల చిక్కు ఒకటుంది. త్యాగరాజు పోయింది 1847 జనవరి 6న, ఆ రోజు పుష్య బహుళ పంచమి. తిరువయ్యారులో ఆరాధన తిథి ప్రకారం జరుగుతుంది కాబట్టి ఏటా తేదీ మారుతుంది. జనవరి 6 పేజీలో మరణం రాయండి. ఆరాధన మాత్రం ఆ ఏటి పంచాంగం చూసి వేరే రాయాలి. నిజాం కాలపు కాగితాల్లో ఫసలీ (రెవెన్యూ లెక్కల) సంవత్సరం ఉంటుంది. దానికి 590 కలిపితే ఇంగ్లీషు సంవత్సరం తెలుస్తుంది, కానీ ఆ ఏడాది అక్టోబరులో మొదలవుతుంది గనుక 1357 ఫసలీ అంటే 1947-48. నెల తెలియకుండా ఏడాది వేయొద్దు. హిజ్రీ తేదీలో రోజు సూర్యాస్తమయంతో మొదలవుతుంది కాబట్టి ఒక రోజు అటూఇటూ అవుతుంది.

గంటల తేడా ఆధునిక ఘటనలకు. ఆర్మ్‌స్ట్రాంగ్ చంద్రుడి మీద కాలు పెట్టినప్పుడు అమెరికాలో 1969 జులై 20 రాత్రి, మనకు 21 ఉదయం ఎనిమిదిన్నర కావస్తోంది. ఘటన ఏ దేశం లెక్కలో నమోదైందో ఆ తేదీనే వాడి, అవసరమైతే ‘భారత కాలమానం ప్రకారం 21’ అని చేర్చాలి.

మాట తీరు

బతికున్నవాళ్లకు ‘జయంతి’ అని రాయడం పెద్ద తప్పు. ఎం.ఎం. కీరవాణి 1961 జులై 4న పుట్టారు. ఆయనది పుట్టినరోజు, అల్లూరిది జయంతి. నవంబరు 19 పేజీలో ఇందిరాగాంధీ పుట్టుక (1917) ఉంటుంది, వేలమందిని మింగిన దివిసీమ ఉప్పెన (1977) కూడా ఉంటుంది. అలాంటి రోజున రంగుల పూలు, ‘శుభదినం’ అన్న శీర్షిక వద్దు. ఉప్పెనలో అయినవాళ్లను పోగొట్టుకున్నవాళ్లు ఆ దారినే వెళ్తుండవచ్చు.

ఎన్ని? ఎంత పెద్దగా?

ఫుల్ సైజు చార్టు 22 × 28 అంగుళాలు. శీర్షికకు మూడంగుళాలు వదలండి. అక్షరం ఎత్తు అరంగుళం, వరుసల మధ్య ఇంకో అరంగుళం ఖాళీ ఉంచాలి. తెలుగులో వత్తులు కిందికి దిగుతాయి కాబట్టి ఇంతకంటే దగ్గరగా రాస్తే ‘స్వాతంత్ర్యం’లోని వత్తులు కింది వరుస తలకట్టులో దూరి దేన్నీ చదవనివ్వవు. ఈ కొలతతో ఇరవై ఐదు వరుసలు పడతాయి. విషయానికి మూడు వరుసలు, మధ్యలో ఖాళీ వరుస అనుకుంటే ఆరు విషయాలు. విషయం పదిహేను మాటలు దాటకూడదు. ఆరింటిలో మూడు మన నేలవి ఉండాలి. ప్రపంచ ఘటనలు ఎక్కడైనా దొరుకుతాయి, దొడ్డి కొమరయ్య అమరుడైన కడవెండి మాత్రం మనం రాస్తేనే పిల్లలకు తెలుస్తుంది. క్రమం సంవత్సరాన్ని బట్టి:

1776: ఫిలడెల్ఫియాలో కాంటినెంటల్ కాంగ్రెస్ అమెరికా స్వాతంత్ర్య ప్రకటనను ఆమోదించింది.

1897: విశాఖ జిల్లా పాండ్రంగిలో అల్లూరి సీతారామరాజు పుట్టారు.

1902: బేలూరు మఠంలో స్వామి వివేకానంద తనువు చాలించారు.

1946: అప్పటి నల్గొండ జిల్లా కడవెండిలో విసునూరు దేశ్‌ముఖ్ మనుషుల కాల్పుల్లో దొడ్డి కొమరయ్య అమరుడయ్యారు.

1963: 1921లో బెజవాడలో గాంధీజీకి జెండా నమూనా అందించిన పింగళి వెంకయ్య కన్నుమూశారు.

2012: హిగ్స్ బోసాన్ లక్షణాలకు సరిపోయే కొత్త కణం దొరికిందని జెనీవాలో అణు పరిశోధన సంస్థ సెర్న్ ప్రకటించింది.

చివరిదాంట్లో ‘సరిపోయే’ అన్న మాట కోసేయొద్దు, ఆ రోజు శాస్త్రవేత్తలు అన్నది అంతవరకే. మేరీ క్యూరీ (1934లో మరణం), బోస్ (1943), ఆడమ్స్-జెఫర్సన్ జంట వచ్చే ఏడాదికి రిజిస్టరులో ఉంటారు. ఏ ఏడు ఏవి వాడామో పేజీ అంచున పెన్సిల్‌తో టిక్కు పెట్టుకుంటే ఏటా అవే ఆరు తిరగవు.

ఎవరైనా తప్పు చూపిస్తే చార్టు మీద ఎర్ర ఇంకుతో కొట్టి, పక్కనే సరైనది రాసి, రోజంతా అలాగే ఉంచండి. తర్వాత రిజిస్టరులో పాత మాటను చెరపకుండా ఒక్క గీత గీసి, కొత్తది ఎందులోంచి వచ్చిందో తేదీతో సహా రాయండి.