ఉద్యోగంలోంచి తీసేశారా? లేబర్ ఆఫీసుకు ఎప్పుడు వెళ్లాలి

విశాఖ వైపు గాజువాకలోనో పరవాడలోనో పనిచేసే మనిషిని ఓ రోజు గేటు దగ్గర ఆపేసి "రేపటి నుంచి రావద్దు" అంటే, చాలామంది సూపర్‌వైజర్ చుట్టూ, యూనియన్ నాయకుడి చుట్టూ తిరుగుతూ ఉండిపోతారు. పిలుస్తామన్నారు కదా అని నెలలు గడిచిపోతాయి. దయచేసి అలా చేయకండి.

2025 నవంబర్ 21 నుంచి పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లో ఉంది. వివాదం మొదలై రెండేళ్లు దాటితే కన్సిలియేషన్ అధికారి, అంటే ఇరువర్గాల మధ్య రాజీ కుదిర్చే కార్మిక శాఖ అధికారి, దాన్ని చేపట్టరు. పాత చట్టంలో లేబర్ కోర్టుకు నేరుగా వెళ్లడానికి మూడేళ్లు ఉండేది కాబట్టి ఇప్పటికీ కొందరు అదే చెబుతున్నారు, దాని మీద ఆధారపడొద్దు. రాజీ కుదరకపోతే అధికారి రిపోర్టు అందిన 90 రోజుల్లో కార్మిక వివాదాలు విచారించే ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. కోడ్ రాకముందే ఉద్యోగం పోయినవాళ్లు తమకు ఏ గడువు వర్తిస్తుందో లాయర్‌ని వెంటనే అడగండి.

గడువులోపే వెళ్లినా ఆలస్యం ఊరికే పోదు. గడువు రాసిపెట్టి లేని కాలంలో, 1999లో, ఏడేళ్ల తర్వాత వచ్చిన ఒక కార్మికుడి కేసును సుప్రీంకోర్టు కొట్టేయలేదు గానీ, ఆ ఆలస్యమైన కాలానికి జీతం ఇప్పించలేదు. మరుసటి ఏడాది నెడుంగడి బ్యాంక్ కేసులో మాత్రం అదే ఏడేళ్ల జాప్యానికి వివాదం పాతబడిపోయిందని తేల్చింది. 2015లో 14 ఏళ్ల తర్వాత వచ్చినవాళ్లకూ నిరాశే. ఎందుకంటే అప్పటికి రిజిస్టర్లు ఉండవు, సాక్షులు ఊరు మారిపోతారు, మీ సీట్లో ఇంకొకరు కూర్చుంటారు. యాజమాన్యానికి అర్జీల మీద అర్జీలు పెడితే గడువు ఆగుతుందనుకోవడం ఇంకో పొరపాటు, అది ఆగదు.

కాబట్టి ఆ రోజే తెల్లకాగితం మీద "ఫలానా తేదీన గేటు దగ్గర ఆపేశారు, నేను పనికి సిద్ధంగా ఉన్నాను" అని రాసి హెచ్‌ఆర్‌కి ఇచ్చి రెండో కాపీ మీద స్టాంపు వేయించుకోండి. తీసుకోకపోతే స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచండి. మీ పీఎఫ్ ఖాతాలో ఉద్యోగం మానేసిన తేదీ ఏమని పెట్టారో చూసి స్క్రీన్‌షాట్ తీయండి, నోటిమాటగా తీసేసినప్పుడు ఇదే పెద్ద ఆధారం. తర్వాత లేబర్ ఆఫీసుకు వెళ్లండి. ప్రైవేటు ఫ్యాక్టరీలకు సాధారణంగా రాష్ట్ర కార్మిక శాఖ, పోర్టు, స్టీల్ ప్లాంట్ లాంటి వాటికి కేంద్ర కార్మిక శాఖ. అర్జీలో మీకు వేరే ఉద్యోగం లేదని, ఉంటే ఎంత వస్తోందో నిజంగా రాయండి. పని లేకుండా ఉన్న కాలానికి జీతం అడగాలంటే ఆ మాట ముందే ఉండాలని సుప్రీంకోర్టు 2013లో చెప్పింది.

ఇప్పటికే ఆలస్యమైతే కారణాన్ని కాగితాలతో చూపించండి: ఆసుపత్రి డిశ్చార్జ్ సమ్మరీ, నడుస్తున్న క్రిమినల్ కేసు పత్రాలు, ఏవుంటే అవి. డబ్బుల్లేవని మాత్రం ఆగొద్దు. 1987 నాటి న్యాయసేవాధికార సంస్థల చట్టం కింద పారిశ్రామిక కార్మికులకు ఉచితంగా లాయర్‌ని ఇస్తారు, విశాఖ జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అడగండి.