ఒడిశా సరిహద్దులో చిన్న క్రైస్తవ విశ్వవిద్యాలయాన్ని నెలకొల్పాలనుకునే వారికి

పర్లాకిమిడి, గుణుపురం, బరంపురం ప్రాంతాల తెలుగు క్రైస్తవ సంఘాల పెద్దలు తమ పిల్లల కోసం ఒక విశ్వవిద్యాలయం స్థాపించాలని తలపెడితే, స్థలం చూడడానికంటే ముందు చట్టం చూడాలి. 1956 నాటి విశ్వవిద్యాలయ నిధుల సంఘం (యూజీసీ) చట్టం 22వ సెక్షన్ ప్రకారం పట్టాలిచ్చే అధికారం శాసనం ద్వారా ఏర్పడిన విశ్వవిద్యాలయాలకు, డీమ్డ్ హోదా (విశ్వవిద్యాలయంతో సమానమన్న గుర్తింపు) పొందిన సంస్థలకు, పార్లమెంటు ప్రత్యేకంగా అధికారమిచ్చిన సంస్థలకు మాత్రమే ఉంటుంది. 23వ సెక్షన్ ప్రకారం మరే సంస్థా తన పేరులో ‘యూనివర్సిటీ’ అన్న మాట పెట్టుకోకూడదు. ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం 2002లో ఒక చట్టం చేసి, కేవలం నోటిఫికేషన్లతో వందకు పైగా ప్రైవేటు విశ్వవిద్యాలయాలకు అనుమతినిచ్చింది. వాటిలో చాలావాటికి తరగతి గదులు కూడా లేవు. ప్రొఫెసర్ యశ్‌పాల్ వేసిన కేసులో సుప్రీంకోర్టు 2005లో వాటి స్థాపనకు ఆధారమైన సెక్షన్లను కొట్టివేసింది. త్వరపడితే నష్టపోయేది విద్యార్థులేనని అప్పుడే తేలిపోయింది.

ఒడిశాలో ప్రైవేటు విశ్వవిద్యాలయాలు శాసనసభ చేసిన వేర్వేరు చట్టాలతో ఏర్పడుతూ వచ్చాయి. పర్లాకిమిడి దగ్గరి సెంచూరియన్ విశ్వవిద్యాలయం 2010లో అలాగే ఏర్పడింది, అంతకు ముందు అది ఇంజినీరింగ్ కళాశాల. మనకు మరింత దగ్గరి ఉదాహరణ భువనేశ్వర్‌లోని కథోలిక జెస్యూట్ సభ గురువులది. 1987లో రాష్ట్ర ప్రభుత్వంతో ఒప్పందం చేసుకొని మేనేజ్‌మెంట్ సంస్థను ప్రారంభించిన వారు, 2013లో గాని జేవియర్ విశ్వవిద్యాలయ చట్టాన్ని పొందలేదు. కాబట్టి మొదటి రోజునుంచే విశ్వవిద్యాలయం కావాలని పట్టుబట్టవద్దని నా గట్టి సలహా. బరంపురం విశ్వవిద్యాలయానికి అనుబంధంగా ఒక మంచి కళాశాల పెట్టి, కొన్ని బ్యాచ్‌లు బయటికి వచ్చాక, ఫలితాలనూ అధ్యాపకులనూ లెక్కలనూ చూపించి ప్రభుత్వాన్ని చట్టం కోరడం నిలకడైన దారి.

ఆ కళాశాలను నడిపే సంస్థను సొసైటీగా గాని, పబ్లిక్ ట్రస్టుగా గాని, 2013 కంపెనీల చట్టం 8వ సెక్షన్ కింద కంపెనీగా గాని రిజిస్టరు చేయించవచ్చు. ఏ రూపం ఎంచుకున్నారన్న దానికంటే దస్తావేజులో ఏం రాశారన్నదే ఎక్కువ ముఖ్యం. సంఘం రెండుగా చీలితే ఆస్తి ఎవరి అధీనంలో ఉంటుంది, బిషప్‌గారో పాస్టరుగారో మారితే పాలకమండలి సభ్యత్వం ఏమవుతుంది, ఒకే కుటుంబం నుంచి ఎంతమంది సభ్యులుండవచ్చు, సంస్థ మూతపడితే ఆస్తి ఏ విద్యాసంస్థకు చేరుతుంది అన్న ప్రశ్నలకు అందులో స్పష్టమైన జవాబులు ఉండాలి. ప్రేమగా ఉన్న రోజుల్లో ఈ సంగతులు ఎత్తడం మొహమాటంగానే ఉంటుంది. అయినా వివాదం వచ్చాక రాసుకోగలిగేవి కావు. స్థలం, బ్యాంకు ఖాతా, వాహనం ఏదైనా వ్యక్తి పేర ఉండకూడదు, ఆ వ్యక్తి ఎంత దైవభక్తి గలవాడైనా సరే.

స్థలం విషయంలో ఈ సరిహద్దు జిల్లాలలో ప్రత్యేకమైన జాగ్రత్త అవసరం. కోరాపుట్, రాయగడ జిల్లాలు పూర్తిగానూ, గజపతి జిల్లాలో గుమ్మ, ఆర్. ఉదయగిరి వంటి భాగాలూ షెడ్యూల్డ్ ప్రాంతంలోనివి, అంటే గిరిజనుల రక్షణకు రాజ్యాంగం కింద ప్రకటించిన ప్రాంతంలోనివి. అక్కడ గిరిజనుల భూమి గిరిజనేతరులకు బదిలీ కావడాన్ని 1956 నాటి రెండవ రెగ్యులేషన్, దానికి 2002లో జరిగిన సవరణ నిషేధిస్తున్నాయి. సవర గిరిజన విశ్వాసి ఒకరు మనస్ఫూర్తిగా తన కొండవాలు భూమిని ఇస్తానన్నా దానిని ట్రస్టు పేర రాయించుకోవచ్చని ఎవరైనా చెబితే నమ్మవద్దు; మరో గిరిజనుని పేర కొని వాడుకోవడం బినామీ నేరమవుతుంది. అందుచేత ఎంచుకున్న గ్రామం షెడ్యూల్డ్ ప్రాంత జాబితాలో ఉందో లేదో తహసీల్దారు కార్యాలయంలో ముందు తెలుసుకొని, పాత ఖతియాన్‌లో (భూమి హక్కుల రికార్డులో) అసలు రైతు ఎవరో చూసి, ఆ తరువాతనే బయానా ఇవ్వాలి. సాగుభూమి అయితే ఒడిశా భూసంస్కరణల చట్టం 8-ఎ సెక్షన్ కింద సాగేతర భూమిగా మార్పించుకోవాలి. ఈ మార్పు జరగకముందు కట్టడం మొదలుపెట్టకూడదు.

రాజ్యాంగం 30(1) అధికరణం మతపరమైన అల్పసంఖ్యాకులతో పాటు భాషాపరమైన అల్పసంఖ్యాకులకు కూడా విద్యాసంస్థలు స్థాపించి నడుపుకొనే హక్కునిచ్చింది. ఒడిశాలోని తెలుగు క్రైస్తవులు ఈ రెండు విధాలుగానూ అల్పసంఖ్యాకులే, ఎందుకంటే 2002లో టి.ఎం.ఎ. పాయ్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు ఆ లెక్కను రాష్ట్రం ప్రాతిపదికగా చూడాలంది. క్రైస్తవ సంస్థగా ధ్రువపత్రం జాతీయ మైనారిటీ విద్యాసంస్థల కమిషన్ ఇస్తుంది. శాసనం ద్వారా ఏర్పడినంత మాత్రాన సంస్థ అల్పసంఖ్యాక స్వభావం పోదని అలీగఢ్ ముస్లిం విశ్వవిద్యాలయం కేసులో 2024 నవంబరులో సుప్రీంకోర్టు చెప్పడం మనకు ఊరట. అయితే స్థాపన ఎవరు తలపెట్టారు, డబ్బు ఎవరిచ్చారు అన్నవి కాగితాల మీద కనబడాలి కాబట్టి మొదటి సమావేశపు మినిట్స్ నుంచే భద్రపరచాలి.

నిధుల సంగతికి వస్తే, విదేశీ సంఘాల కానుకల మీద లెక్క వేసుకోవద్దు. విదేశీ విరాళాల నియంత్రణ చట్టం (ఎఫ్‌సీఆర్‌ఏ) కింద రిజిస్ట్రేషనుకు సంస్థకు మూడేళ్ల వయస్సు, ఆ మూడేళ్లలో ఆశయాల కోసం 15 లక్షల రూపాయల ఖర్చు చూపాలి. 2020 సవరణ తరువాత ఆ డబ్బు ఢిల్లీలోని స్టేట్ బ్యాంకు ప్రధాన శాఖ ఖాతాలోకే రావాలి, మరొక సంస్థకు వచ్చిన డబ్బును మనకు బదిలీ చేయించుకోవడం కుదరదు. జయపురం మహారాజు విక్రమదేవ వర్మ ఆంధ్ర విశ్వకళాపరిషత్తుకు (ఆంధ్ర విశ్వవిద్యాలయానికి) ఏటా లక్ష రూపాయల చొప్పున ఇచ్చిన సంగతి ఈ ప్రాంతంలో ఇప్పటికీ చెప్పుకుంటారు. ఒకసారి వచ్చే పెద్ద విరాళం భవనం కడుతుంది, ఏటా తప్పకుండా వచ్చే సొమ్ము జీతాలిస్తుంది. ప్రతి సంఘం కొంత వార్షిక మొత్తాన్ని రాతపూర్వకంగా ఒప్పుకొనేలా చూడండి.

విశ్వాసం విషయంలో నిజాయితీ, చట్టం రెండూ ఒకే మాట చెబుతున్నాయి. 1967 నాటి ఒడిశా మత స్వేచ్ఛ చట్టం బలవంతం, ప్రలోభం, మోసం ద్వారా మతమార్పిడిని శిక్షార్హం చేసింది. ప్రవేశాన్ని గాని, ఫీజు రాయితీని గాని, హాస్టలు గదిని గాని ఆరాధనకు హాజరుతో ముడిపెట్టరాదు; ప్రార్థనామందిరం ఉండాలి, రావడం విద్యార్థి ఇష్టం కావాలి. మరొక సంగతి కుటుంబాలకు ముందుగానే వివరించాలి: క్రైస్తవులైనా గిరిజన విద్యార్థులకు ఎస్టీ హోదా ఉంటుంది గాని, 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు వల్ల దళిత క్రైస్తవులకు ఎస్సీ హోదా, దానితో వచ్చే ఉపకారవేతనం ఉండవు. సంస్థ తన రాయితీలను ముందుగా వీరికే కేటాయించాలని నేను కోరుతున్నాను.

కోర్సుల విషయానికి వస్తే, నర్సింగు, ఉపాధ్యాయ శిక్షణ వంటివి ఈ కొండప్రాంతానికి అవసరమే గాని, వాటికి సంబంధిత కౌన్సిళ్ల అనుమతి వేరుగా కావాలి. పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడిగా ఉంటూనే గిడుగు రామమూర్తి పంతులుగారు సవర భాష నేర్చారు, తరువాత దానికి వ్యాకరణం రాశారు. ఆ ఊళ్లో పుట్టే విశ్వవిద్యాలయంలో తెలుగు, ఒడియా, సవర భాషల విభాగం లేకపోతే ఎలా? చట్టం వచ్చాక యూజీసీ 2003 నిబంధనల ప్రకారం తనిఖీ బృందం వస్తుంది. ఇతర కళాశాలలకు అనుబంధం ఇచ్చే అధికారం ప్రైవేటు విశ్వవిద్యాలయానికి ఉండదు, మొదటి ఐదేళ్లలో వేరే ఊళ్లో క్యాంపసు తెరవడం కూడా కుదరదు. కాబట్టి బృందం వచ్చేనాటికి ఉన్న ఒక్క ప్రాంగణంలోనే గ్రంథాలయం, ప్రయోగశాలలు, పూర్తికాలపు అధ్యాపకుల నియామక పత్రాలు, గత సంవత్సరాల ఆడిట్ నివేదికలు సిద్ధంగా ఉండాలి.