నల్లార్‌బోర్ దాటే ముందు

ఆస్ట్రేలియాలో పడమటి పెర్త్ నుంచి తూర్పున ఉన్న సిడ్నీకి కారులో దాదాపు 3,900 కిలోమీటర్లు. దారిలో నల్లార్‌బోర్ అనే చెట్లులేని పెద్ద మైదానం దాటాలి. వారమైనా చేతిలో ఉంటేనే బయల్దేరండి.

పెట్రోలు: సగం ట్యాంకు ఉంది కదా అని బంకు దాటిపోవద్దు. తర్వాతిది 180 కిలోమీటర్ల అవతల ఉండొచ్చు.

స్టెప్నీలో గాలి ఉందా? జాకీ ఉందా? తాగే నీళ్లు మాత్రం అనుకున్నదానికి రెట్టింపు పెట్టుకోండి. చాలాచోట్ల సిగ్నల్ ఉండదు కాబట్టి మ్యాప్ ముందే డౌన్‌లోడ్ చేసుకోండి.

పొద్దువాలే వేళకి బండి ఆపేయండి. కంగారూలు రోడ్డెక్కేది అప్పుడే. అడ్డమొస్తే స్టీరింగ్ తిప్పకుండా, బ్రేకే వేయాలి.

అసలు పరీక్ష దారిలో వచ్చే బల్లడోనియా, కైగునా అనే రెండు మజిలీల మధ్య. 146.6 కిలోమీటర్లు ఒక్క వంపు కూడా లేదు. కళ్లు తెరిచే ఉంటాయి, మనసు ఎటో పోతుంది. రెండు గంటలకోసారి దిగి నడవండి. ఇంజన్ ఆపాక అది టిక్ టిక్‌మంటూ చల్లారడం, ఆ తర్వాత ఉత్త గాలి చప్పుడు. ఆలోచనలకి అక్కడే కూర్చోండి, స్టీరింగ్ ముందు వద్దు. ఆపేటప్పుడు రోడ్డుకి బాగా పక్కగా ఆపండి, రోడ్ ట్రైన్లు (వెనక ట్రెయిలర్లు తగిలించిన పొడవాటి లారీలు) ఆగాలన్నా తొందరగా ఆగలేవు.

పండ్లు మైదానం దాటాక వచ్చే సెడూనా ఊరి లోపే తినేయండి. అక్కడ పంటల తెగుళ్ల తనిఖీలో తీసేసుకుంటారు.