కోర్టు ధిక్కరణ పిటిషన్ వేసే ముందు చూసుకోవాల్సినవి

హైకోర్టులో రిట్ (ప్రభుత్వ అధికారుల తీరుపై వేసే పిటిషన్) గెలిచినా అధికారులు ఆర్డర్ అమలు చేయడం లేదా? వకీలు దగ్గరికి వెళ్లే ముందు ఇవి సరిచూసుకోండి.

ఏడాది గడువు. 1971 కోర్టు ధిక్కరణ చట్టం 20వ సెక్షన్ ప్రకారం ధిక్కరణ జరిగిన రోజు నుంచి ఏడాదిలోపే పిటిషన్ వేయాలి. "ఎనిమిది వారాల్లో చేయండి" అని ఆర్డర్‌లో ఉంటే, ఆ వారాలు ముగిసినప్పటి నుంచి లెక్క. ఆఫీసుకు అర్జీ మీద అర్జీ పెట్టుకుంటూ పోతే గడువు పెరగదు. ఎక్కువమంది మునిగేది ఇక్కడే.

ఆర్డర్ అందినట్టు రుజువు. సర్టిఫైడ్ కాపీని (కోర్టు ధ్రువీకరించి ఇచ్చే నకలు) కవరింగ్ లెటర్‌తో ఇచ్చి ముద్ర వేయించుకోండి, లేదా అందినట్టు రుజువు వచ్చేలా స్పీడ్ పోస్టు చేయండి. "మాకు తెలియదు" అని అధికారులు అంటే ఉద్దేశపూర్వక ఉల్లంఘన అని నిరూపించడం కష్టం.

ఆర్డర్ చివరి పేరా. "పరిశీలించండి" అని మాత్రమే ఉందా? పరిశీలించి తిరస్కరించినా సాధారణంగా ధిక్కరణ కాదు. ఆ తిరస్కరణపై మళ్లీ రిట్ వేయాల్సిందే. చేదుగా ఉన్నా ఇంతే.

అధికారి పేరు. హోదా ఒక్కటే సరిపోదు. గడువు నడిచిన కాలంలో ఆ కుర్చీలో ఎవరున్నారో కనుక్కోండి. బదిలీలు మామూలే.

స్టే. అవతలివాళ్లు అప్పీలు వేసినంత మాత్రాన ఆర్డర్ ఆగదు. స్టే (ఆర్డర్ అమలును ఆపే ఉత్తర్వు) వచ్చిందో లేదో చూడండి.

శిక్ష ఆరు నెలల సాధారణ జైలు, రెండు వేల జరిమానా దాకా ఉన్నా, క్షమాపణతో ముగిసేవే ఎక్కువ. అయితే 2025 మేలో, హైకోర్టు ఆదేశాన్ని కాదని గుంటూరు జిల్లాలో గుడిసెలు కూల్పించిన డిప్యూటీ కలెక్టర్‌ను సుప్రీంకోర్టు తహసీల్దారు స్థాయికి దించింది.