పాత గ్రైండ్‌హౌస్ రీల్ చేతికొస్తే ముందు వాసన చూడండి

న్యూయార్క్ 42వ వీధిలో గ్రైండ్‌హౌస్‌లనే హాళ్లలో డెబ్బైల్లో పొద్దున్నుంచి అర్ధరాత్రి దాకా ఒకదాని వెనక ఒకటి తిప్పేసిన చవక హారర్, కుంగ్‌ఫూ, బైకర్ సినిమాలున్నాయే, వాటి పిచ్చి పట్టినవాళ్లకి ఎప్పుడో ఒకప్పుడు 16 ఎంఎం రీలో 35 ఎంఎం రీలో చేతికొస్తుంది, వచ్చిన వెంటనే ప్రొజెక్టర్‌కి ఎక్కించేస్తాం. నేనూ అదే చేశా, పది సెకన్లలో ఫిల్మ్ అంచున ఉండే చిల్లులు టపటపా చిరిగిపోయాయి.

అందుకే ముందు డబ్బా మూత తీసి వాసన చూడండి. వెనిగర్ వాసన కొడితే లోపల అసిటేట్ (ఒక రకం ప్లాస్టిక్) ఫిల్మ్ పాడైపోతున్నట్టే, ఆ ఆవిరి పక్క రీళ్లకీ అంటుకుంటుంది కాబట్టి దాన్ని వేరే గదిలో పెట్టేయండి. ఎంత ముదిరిందో చూడ్డానికి ఏ-డి స్ట్రిప్స్ అని చిన్న కాగితం ముక్కలు దొరుకుతాయి, డబ్బాలో వేసి ఉంచితే నీలం నుంచి ఆకుపచ్చకి, తర్వాత పసుపుకి మారతాయి. పసుపు కనిపిస్తే ఆలోచించకుండా స్కానింగ్‌కి పంపండి. ఇది నయమయ్యే జబ్బు కాదు, చల్లగా పొడిగా ఉంచితే నెమ్మదిస్తుంది అంతే, అటకా గ్యారేజీ మాత్రం వద్దు. (ఈ జబ్బు పేరే పెట్టుకుని వెనిగర్ సిండ్రోమ్ అనే అమెరికా కంపెనీ 2012 నుంచి ఇలాంటి సినిమాల్నే బాగుచేసి డిస్కులు వేస్తోంది, ఆ పేరు పెట్టినవాడికి దణ్ణం.)

బొమ్మంతా గులాబీ రంగులోకి తిరిగిపోయిందా, అప్పటి ఈస్ట్‌మన్‌కలర్ అనే రంగుల ఫిల్మ్ ప్రింట్లు చాలావరకు అంతే, దానికే పారేయకండి. ఇదే సినిమా డిస్కులో ఉందిగా అని కూడా పారేయకండి, ఎందుకంటే ఈ సినిమాలకి కొన్ని ప్రింట్లే వేసి ఊరూరా తిప్పేవాళ్లు, ఒక్కో డిస్ట్రిబ్యూటర్ టైటిల్ మార్చేవాడు, సెన్సారు కోసం ఇక్కడో ముక్క అక్కడో ముక్క కోసేవాడు, మీ దగ్గరున్న అరిగిపోయిన దాంట్లోనే ఇంకెక్కడా లేని రెండు నిమిషాలు ఉండొచ్చు. నిడివి కొలిచి పోల్చుకోండి, 35 ఎంఎంలో నిమిషానికి 90 అడుగులు, 16లో 36. తేడా కనిపిస్తే ఇలాంటి సినిమాల్ని భద్రపరచడానికి అమెరికాలోని ఆస్టిన్‌లో 2009లో పెట్టిన అమెరికన్ జానర్ ఫిల్మ్ ఆర్కైవ్ లాంటి వాళ్లకి రాయండి.

నలుగురికీ వేసి చూపించాలంటే హక్కులు కనుక్కోవాలి, రీల్ మీదైనంత మాత్రాన సినిమా మీదైపోదు. మొదటిసారి అయితే 1968 నాటి హారర్ సినిమా నైట్ ఆఫ్ ది లివింగ్ డెడ్ వేసుకోండి, చివర్లో టైటిల్ మార్చినప్పుడు కాపీరైట్ లైను ఎగిరిపోయి అమెరికాలో అది అందరి సొత్తయిపోయింది. ముందు రెండు మూడు పాత ట్రైలర్లు వేయండి, సగం మజా వాటిలోనే. ఆడవాళ్లనీ నల్లవాళ్లనీ చూపించిన తీరు చాలా సినిమాల్లో ఛండాలంగా ఉంటుంది, ఆ సంగతి ముందే చెప్పేయండి, దాచడమూ వద్దు సమర్థించడమూ వద్దు. గీతలు లేని ప్రింట్‌కి పాతదానిలా కనిపించాలని కంప్యూటర్లో దొంగ గీతలు కలిపే సరదా మాత్రం నాకు అస్సలు నచ్చదు.

షో అయ్యాక రీల్‌ని సమానంగా, మరీ బిగించకుండా చుట్టండి, తుప్పు పట్టిన పాత డబ్బాలో మళ్లీ పెట్టకండి.